మాడు ముట్టిన కేసు

మద్రాసులో ఆడపిల్ల ఉద్యోగానికి బయల్దేరితే వీధి వీధంతా గుమ్మాల్లోకి వచ్చి చూసిన కాలం అది. నేను పురసవాక్కంలో బస్సెక్కి ఒక పెద్దాసుపత్రిలోని రికార్డుల గదికి వెళ్లేదాన్ని. చేరిన ప్రతి రోగి చీటీ మా దగ్గరికొచ్చేది. దెబ్బ ఏమిటి, దేనివల్ల తగిలింది, రెండూ లావుపాటి పుస్తకంలో వెతికి నంబర్లు వేయడం మా పని. పాము, తేలు లాంటి విషపు జీవాలకు ఒక నంబరు. కుక్క, కోతి, గుర్రం, ఇంకా దేవుడు పుట్టించిన తక్కిన ప్రాణులన్నిటికీ కలిపి మరొకటి. (జట్కా గుర్రం తన్నినా, పెరటి కోడిపుంజు పొడిచినా ఆ పుస్తకానికి ఒకటే. అంతటి సమానత్వం నేను మద్రాసులో ఇంకెక్కడా చూడలేదు.)

మా సూపరింటెండెంటుగారిని చాటున 'వ్యాకరణంగారు' అనేవాళ్లం. రాష్ట్రం విడిపోయి తెలుగు ఉద్యోగులంతా కర్నూలు రైలెక్కుతుంటే, ఆయనొక్కరే కోస్తా నుంచి ఎదురు రైల్లో వచ్చి ఇక్కడ దిగారు. మా తెలుగు వింటే ఆయనకు ఒంటిమీద జెర్రులు పాకినట్టుండేది. నేను 'ఈడ' అంటే 'ఇక్కడ' అని దిద్దేవారు. 'ఆడ' అంటే 'అది స్త్రీలింగం' అనేవారు. మా తాతముత్తాతలు ఈ ఊళ్లోనే తెలుగు మాట్లాడుతూ పుట్టి, మాట్లాడుతూ పోయారు. నిన్నగాక మొన్న పెట్టె దించుకున్న పెద్దమనిషి మాకు తెలుగు నేర్పడమేమిటని నాకు ఒళ్లు మండిపోయేది.

ఒకరోజు చీటీలు రాసే గుమాస్తా రాలేదు. ఆ కుర్చీలో వ్యాకరణంగారే కూర్చున్నారు. కాసేపటికి ఆయన దస్తూరీతో ఒక చీటీ నా బల్లమీదికొచ్చింది. 'మాడుకు దెబ్బ. తలదెబ్బల వార్డు' అని ఉంది. దేనివల్ల తగిలిందో రాయలేదు. అది లేకపోతే నాకు నంబరు దొరకదు. రోగినే అడుగుదామని చీటీ పట్టుకుని వార్డుకు వెళ్లాను.

వెళ్లేసరికి మంచం చుట్టూ జనం. మంచం మీద, ఇద్దరు ఆయాలు పట్టుకుంటే తప్ప కూర్చోనంటున్న ఒకావిడ. ఆమె జడ మంచం దాటి నేలమీద పడి ఉంది. పక్కన మంగలి గిన్నెలో నీళ్లతో, కత్తితో సిద్ధంగా ఉన్నాడు. ఆ వార్డులో డాక్టరు చూడకముందే తల గొరిగించడం రివాజు. ఆవిడ కోడంబాక్కం మనిషి. సినిమాల్లో హీరోయిన్ వెనక్కి తిరిగి నడిచేటప్పుడు మనకు కనిపించే జడ ఆవిడదే. ముఖం ఏ సినిమాలోనూ కనపడలేదు, జడే ఇల్లు నడుపుతోంది. తన తలకేమీ కాలేదని మొత్తుకుంటోంది పాపం. తలకు దెబ్బ తగిలినవాళ్లు అలాగే అంటారని ఆయాలు ఒకరికొకరు చెప్పుకుంటున్నారు.

ఏమైందక్కా అని అడిగాను. మన మాట వినపడగానే ఆవిడ నా చెయ్యి పట్టుకుంది.

"స్టూడియో గేటుకాడ మాడు ముట్టేసింది పాపా. మోకాలు సూడండి అంటే ఈళ్లు తలే సూస్తా ఉండారు. ఈ జడ పోతే నా బిడ్డలకి అన్నం ఎట్ల పెట్టేది?"

నాకు నవ్వూ కోపమూ ఒక్కసారే వచ్చాయి. మాకు అరవంతో కలిసి మాడు అంటే పశువు, ముట్టడమంటే కుమ్మడం. ఆవు కుమ్మిందని ఆవిడ చెబితే, వ్యాకరణంగారు శుద్ధమైన తెలుగులో నడినెత్తికి తగిలిందని రాసుకున్నారు. ఈలోగా ఆయనే వచ్చారు. సంగతి చెప్పాను. ఆయన కళ్లజోడు సర్దుకుని, మాడంటే నడినెత్తి, అయిదో క్లాసు కుర్రాణ్ని అడిగినా చెబుతాడన్నారు.

"మీ ఊళ్లో నెత్తి సార్," అన్నాను. "ఈడ దానికి కొమ్ములుంటాయి."

ఆఫీసరు రాసిన చీటీ నాలాంటి గుమాస్తా దిద్దడానికి వీల్లేదన్నారాయన. చీటీ మారనిదే తనపని ఆగదన్నట్టు మంగలి కత్తి తీశాడు. నేను వెళ్లి మంచం మీద కూర్చుని, ఆ జడను నా ఒళ్లో పెట్టుకుని పైన పమిట కప్పేశాను. ముందు నా తల గొరగండి, తర్వాత ఈమె సంగతి చూద్దాం అన్నాను. (నాకు అప్పటికి సంబంధాలు చూస్తున్నారు. ఆ ముక్క అప్పుడు గుర్తు రాలేదు.) అక్కడే, అందరి ఎదుటా, ఆయన రాతను అడ్డంగా కొట్టేసి 'జంతువు వల్ల' అని రాసి నంబరు వేశాను. గొడవకు డాక్టరు పరుగెత్తుకొచ్చి, ఆవిడ మోకాలు చూసి, అది గుమ్మడికాయలా వాచి ఉంటే ఇంతసేపూ ఏం చేస్తున్నారని అందర్నీ కలిపి కేకలేశాడు. మంగలి గిన్నె తీసుకుని మెల్లగా జారుకున్నాడు.

క్షమాపణ చెప్పమన్నారు వ్యాకరణంగారు. తప్పు చేయలేదు కాబట్టి చెప్పనన్నాను. నన్ను దుప్పట్లు లెక్కబెట్టే గదికి మార్చారు. తలెత్తుకునే వెళ్లాను. మా అమ్మ మాత్రం, దుప్పట్లయితే ఎదురు చెప్పవు, నీకు అదే మంచి చోటు అంది.

ఇప్పుడు నేను చాలా మర్యాదస్తురాలినయ్యాను. బ్యాంకులో నా పేరు తప్పు రాసినా, పర్వాలేదులే నాయనా అని సంతకం పెట్టి వస్తున్నాను. ఆ రోజు వార్డులోకి ఈ ముసలిదాన్ని పంపి ఉంటే, పెద్దవాళ్లను అడిగి చెబుతానని మెట్లు దిగేది. తిరిగొచ్చేసరికి జడ బుట్టలో ఉండేది. దేవుడి దయవల్ల ఆ రోజు వెళ్లింది నేను కాదు, ఆ పొగరుబోతు పిల్ల.