ఇనుప జాజులు

గొంతు చించుకుంటేనే అది పాట అవుతుందని నేను మనస్ఫూర్తిగా నమ్మిన రోజులు కొన్ని ఉన్నాయి. ఇప్పుడు నన్ను చూసినవాళ్ళెవరూ ఆ మాట నమ్మరు. అప్పుడు నాకు ఇరవై మూడేళ్ళు. యానాం నుంచి పుదుచ్చేరికి గుమాస్తా ఉద్యోగం మీద కొత్తగా వచ్చాను. ఆఫీసులో పక్క సీటావిడని స్టేప్లర్ అడగాలన్నా రెండుసార్లు గొంతు సవరించుకుని, చివరికి అడగలేక గుండుసూదితో సరిపెట్టుకునే మనిషిని. అదే మనిషి కాకినాడలో కాలేజీ చదివిన మూడేళ్ళూ ఒక హెవీ మెటల్ బృందంలో గాయని. గాయని అంటే మీరు ఊహించుకుంటున్న గాయని కాదు. పొట్ట అడుగునుంచి ఆంబోతు రంకెలాంటిదొకటి తీసి, ఎదుటివాళ్ళ మీదకి వదిలేదాన్ని. అందులో మాటలు కూడా ఉండేవి (నిజంగానే ఉండేవి, రాసిపెట్టుకున్న నోట్‌బుక్ ఇంకా నా దగ్గరుంది).

ఆ మాటలు రాసేదీ, గిటారు వాయించేదీ మేం రాక్షసుడని పిలుచుకునే మా క్లాసు కుర్రాడు. వాడు నవ్వగా ఎవరూ చూడలేదు. కాకినాడ మే నెల ఎండలో కూడా నల్ల ఫుల్ చేతుల చొక్కా వేసుకుని తిరిగేవాడు. ‘చీలిన పుర్రె’, ‘బూడిద వాన’, ‘ఇనుప తలుపు’... ఇవీ వాడి పాటలు. చదువు అయ్యాక బృందం చెదిరిపోయింది. రాక్షసుడు చెన్నైలో ఉద్యోగం చూసుకున్నాడు. నేను ఆ నోట్‌బుక్ పెట్టెలో పెట్టుకుని ఇటొచ్చాను.

సముద్రం ఒడ్డునే ఉన్న కురుచికుప్పంలో ఒక ఇంటి మేడ మీద గది దొరికింది. ఇంటివాళ్ళు ఎన్నో తరాల కిందట ఇక్కడ స్థిరపడ్డ తెలుగువాళ్ళు. ఆయన మిల్లులో పనిచేసి రిటైరయి, పెళ్ళిళ్ళ బ్యాండులో క్లారినెట్ వాయిస్తుండేవాడు. వాళ్ళని నేను మామా, అత్తా అనేదాన్ని. ఓ ఆదివారం పొద్దున, సముద్రం హోరులో ఎవరికీ వినపడదనుకుని, తలుపేసుకుని ‘చీలిన పుర్రె’ ఎత్తుకున్నాను. మొదటి చరణం దాటకముందే అత్త మెట్లన్నీ ఒక్క ఊపులో ఎక్కి వచ్చేసింది.

“ఏమ్మా, ఏమయింది? యాడ నొప్పి? డాక్టరు కాడికి పోదామా?”

“నొప్పి కాదత్తా. పాట.”

అత్త నన్ను కిందనుంచి పైదాకా చూసి, “సరి, సరి” అని నా నుదుటి మీద ఇంత విబూది రాసి, పడుకోమని చెప్పి వెళ్ళిపోయింది. సాయంత్రం మామ వచ్చాడు, చేతిలో క్లారినెట్. “ఏందమ్మా పొద్దున నువ్వు పాడింది? పాట బాగుండాదే. దాన్ని ఎందుకట్టా కొడతా ఉండావు?” అన్నాడు. నన్ను కొట్టినా అంత ఉలిక్కిపడేదాన్ని కాదు. గిటారు వరస నోటితో అని వినిపించమన్నాడు. వినిపించాను. మామ కళ్ళు మూసుకుని దాన్నే నెమ్మదిగా, వయ్యారంగా వాయించాడు. చీలిన పుర్రె కాస్తా, మధ్యాహ్నం ఎండలో తిరిగొచ్చినవాడి తలనొప్పిలా వినిపించింది. నాకు నవ్వాగలేదు. మా బృందం పాట విని నేను నవ్వడం అదే మొదలు.

ఆఫీసులో మా పక్క సెక్షన్లో ఒక అక్క ఉండేది. ఆదివారాలు చర్చిలో, శనివారం సాయంత్రాలు ఒక హోటల్లో విదేశీయుల కోసం కీబోర్డు వాయించేది. ఆవిడకి ఈ సంగతి చెబితే, “ఇంకేం, జాజ్‌లో వాయిద్దాం” అంది. జాజ్ అంటే ఏంటక్కా అన్నాను. “పాటని చెయ్యి పట్టుకుని బయటికి తీసుకెళ్ళి, నచ్చిన వీధులన్నీ తిప్పి, మళ్ళీ ఇంటి దగ్గర దింపడం” అంది. అలా అక్కా, బేస్ గిటారు వాయించే వాళ్ళాయనా (ఆయన మాట్లాడగా నేను రెండుసార్లు విన్నాను, రెండుసార్లూ కాఫీ కోసమే), మామా, నేనూ మా మేడ మీద కలిశాం. “జాజా? పువ్వు కదా అది?” అంది అత్త. దాంతో పేరు కూడా కుదిరిపోయింది. ఇనుప జాజులు.

మేం చేసిందల్లా ఆ భయంకరమైన మాటల్ని ఒక్క అక్షరం మార్చకుండా మెత్తగా పాడటమే. ‘బూడిద వాన’ని, డాబా మీద ఆరేసిన బట్టలు పాడయ్యాయని వాపోతున్నట్టు పాడేదాన్ని. అన్నిటికన్నా బాగా పండింది ‘ఇనుప తలుపు’. “తెరవరేం ఈ ఇనుప తలుపు, లోపల ఏం జరుగుతోంది” అని దాని పల్లవి. మా ఇంట్లో కింద రెండు కుటుంబాలకీ కలిపి ఒకటే స్నానాలగది, రేకు తలుపు. పొద్దున ఏడింటికి మామ లోపలికి వెళితే మిగతావాళ్ళు బకెట్లతో వరసలో నిలబడాల్సిందే. అలా నిలబడ్డదానిలాగే నేను బతిమాలుతూ పాడితే, లోపలినుంచి మామ క్లారినెట్ ‘ఇదిగో వస్తున్నా, ఒక్క నిమిషం’ అన్నట్టు బదులిచ్చేది.

ఫ్రెంచి వీధుల్లో ఒక కాఫీ హోటలువాళ్ళు తమ పెరట్లో ఓ సాయంత్రం పాడమన్నారు. ఆ సంబరంలో మేం సాధన చేసిన వీడియో నలుగురికి పంపాను. అది ఎవరి చేతులు దాటి ఎక్కడికి వెళ్ళిందో గానీ, రెండ్రోజులకి రాక్షసుడి దగ్గర్నుంచి ఒక్క మాట వచ్చింది. “వస్తున్నాను.” అప్పుడు తట్టింది నాకు, ఆ పాటలు వాడివని. వాడిని ఒక్క మాట అడగాలని అంతవరకూ తట్టనేలేదు. ఆ వారం అన్నం సయించలేదు. అత్త మళ్ళీ విబూది తీసింది.

ఆ సాయంత్రం అయిదున్నరకి పెరడు నిండిపోయింది. మా ఆఫీసువాళ్ళు, కురుచికుప్పం ఇరుగుపొరుగు, ముక్క అర్థంకాకపోయినా నవ్వడానికి సిద్ధంగా ఉన్న నలుగురు విదేశీయులు. రాక్షసుడు అదే నల్లచొక్కాలో, ఒక పెద్దాయన్ని చెయ్యి పట్టుకుని నడిపించుకొచ్చి ముందు వరసలో కూర్చోబెట్టి, నా దగ్గరకి వచ్చాడు. ఎలా ఉన్నావు అని కూడా అనలేదు.

“చివరి పాట ఏంటి?”

“ఇనుప తలుపు.”

“చూశాను. బాత్రూం తలుపు చేశావు.”

“అది ఏదో... సరదాకి...”

“ఆపరేషన్ థియేటర్ తలుపు అది. నాన్నకి గుండె ఆపరేషన్ అయినప్పుడు అయిదు గంటలు దాని ముందు నిలబడ్డాను. అక్కడే రాశాను” అన్నాడు. తరవాత, “మొన్న నాన్నకి చెప్పేదాకా ఎవరికీ చెప్పలేదులే. నీకెలా తెలుస్తుంది” అని వెళ్ళి పెద్దాయన పక్కన కూర్చున్నాడు.

మూడేళ్ళు ఆ పాటని ఊరంతా వినపడేలా అరిచాను. దేని గురించో ఒక్కసారీ అడగలేదు. మామకి చెప్పాను. “వదిలేద్దాం తల్లీ. ఒక పాట పోతే ఏం పోతాది” అన్నాడు.

మిగతావి పాడాం. బూడిద వానకి మా సూపరింటెండెంటు గారు కళ్ళు తుడుచుకుంటూ నవ్వారు. పెద్దాయన అయితే మోకాలు చరుచుకుని మరీ నవ్వుతున్నాడు. పక్కన రాక్షసుడు మాత్రం పరీక్ష పేపరు ముందు కూర్చున్నట్టు కూర్చున్నాడు. ఎలాగోలా చివరికి వచ్చి, ఇంతటితో మా కార్యక్రమం సమాప్తం అని మైకులో గొణిగాను. పెద్దాయన లేచి నిలబడ్డాడు.

“అదేంటమ్మా, ఆ తలుపు పాట ఏదీ? దాని కోసమే కదా చెన్నై నుంచి బస్సులో వచ్చింది?”

“ఆ పాట... ఇవాళ లేదండీ.”

“ఎందుకు లేదు? మావాడేవన్నా అన్నాడా?” అని కొడుకు వైపు చూసి, మళ్ళీ నా వైపు తిరిగాడు. “ఆ తలుపు లోపల ఉన్నది నేనమ్మా, వాడు కాదు. నేనడుగుతున్నాను. పాడు.”

నేను రాక్షసుడి ముఖం చూశాను. వాడు నేల చూస్తున్నాడు. మామ క్లారినెట్ ఎత్తాడు, అక్క అందుకుంది. “తెరవరేం ఈ ఇనుప తలుపు” అన్నాను, వణుకుతూ. ఆ వణుకు నటనకి బాగా సరిపోయిందని తరవాత అందరూ మెచ్చుకున్నారు. “లోపల ఏం జరుగుతోంది?” మామ క్లారినెట్ బదులు చెప్పేలోపే పెద్దాయన చెయ్యెత్తి, “వస్తున్నానండీ, వస్తున్నా! కాస్త ఉండండి!” అని అరిచాడు. పెరడు గొల్లుమంది. రాక్షసుడు రెండు చేతుల్లో ముఖం దాచుకున్నాడు, భుజాలు ఎగిసెగిసి పడుతున్నాయి. ఏడుస్తున్నాడనుకుని పాట ఆపేయబోయాను. చేతులు తీశాడు. నవ్వుతున్నాడు. కళ్ళు తడిసే ఉన్నాయి గానీ, నవ్వుతున్నాడు. వాడి పళ్ళు చూడటం అదే మొదటిసారి నాకు. ఆ సంతోషంలో రెండో చరణం మర్చిపోయి మొదటిదే మళ్ళీ పాడేశాను.

అయ్యాక దగ్గరకి వచ్చాడు. “రెండో చరణం ఎగ్గొట్టావు.”

“అంతేనా?”

“అంతే.”

వారం రోజులుగా బిగబట్టిన ఊపిరి ఒక్కసారిగా వదిలి, పక్కనున్న కుర్చీలో కూలబడ్డాను. పెద్దాయన నా పక్కన కూర్చుని, కొడుకు కాఫీల కోసం వెళ్ళడం చూసి, గొంతు తగ్గించాడు. “ఆపరేషనయి అయిదేళ్ళు దాటిందమ్మా. ఇప్పటికీ నేను మెట్లెక్కితే వెనకాలే వస్తాడు. దగ్గితే లేచి కూర్చుంటాడు. వాడి లెక్కలో నేనింకా ఆ గదిలోనే ఉన్నాను. ఇవాళ కాస్త బయటికొచ్చినట్టున్నాను” అన్నాడు.

ఇనుప జాజులు ఇంకో ఏడాదిన్నర నడిచాయి. అక్కకి కారైక్కాల్ బదిలీ అయింది, మామకి ఆయాసం మొదలైంది, నాకు పెళ్ళయింది. తగువులేమీ లేకుండా, ఎవరి ఇళ్ళకి వాళ్ళు వెళ్ళినట్టు అయిపోయింది. ఆ సాయంత్రం అత్త ఫోనులో తీసిన ఫోటో ఒకటి నా దగ్గరుంది. అందులో మామ సగమే పడ్డాడు. మధ్యలో ఒక బక్కపల్చని పిల్ల మైకుని రెండు చేతులా గట్టిగా పట్టుకుని, ముందు వరసలోని ఒక కుర్చీ వైపే చూస్తూ ఉంటుంది. చివరి పాటకి ముందు తీసిన ఫోటో అది. ఇంకో పది నిమిషాల్లో అంతా సర్దుకుంటుందని ఆ పిల్లకి తెలీదు. చూసినప్పుడల్లా భుజం తట్టి చెబుదామా అనిపిస్తుంది. చెప్పినా తలకెక్కించుకోదులెండి. అప్పట్లో దానికి వినడం కన్నా అరవడమే బాగా వచ్చు.