చప్పుడు లేని గట్టిమేళం

దయ్యాలూ మహిమలూ నేనెన్నడూ నమ్మలేదు, ఇప్పుడూ నమ్మను. మా మామగారు నన్ను అల్లుడని ఒప్పుకోనంత గట్టిగా నమ్మను.

తొంభైల చివర్లో స్టీల్ ప్లాంటులో షిఫ్టులు చేస్తూ లక్ష్మిని రిజిస్టరు పెళ్ళి చేసుకున్నాను. వాళ్ళ నాన్న డోలు విద్వాంసుడు. గాజువాక చుట్టుపక్కల ఎవరింట తాళి కట్టినా గట్టిమేళం ఆయనదే. సొంత కూతురి పెళ్ళికి మాత్రం దెబ్బ వేసే యోగం లేకపోయింది. ఆ కోపంతో నాతో మాట మానేశారు. లక్ష్మి వంటింట్లో ఏడుస్తుంటే నాకు ముద్ద దిగేది కాదు.

నాకు సినిమా పిచ్చి. మా పెళ్ళిలో లేని ఆ మేళాన్ని తెరమీదైనా మోగిద్దామని బుద్ధి పుట్టింది. బావా అని పిలుచుకునే థియేటర్ ఆపరేటరు పారేసే ఫిల్ము ముక్కలిచ్చాడు. బొమ్మలన్నీ చెరిపేసి, మామగారి మేళం క్యాసెట్ వింటూ సూదితో గీకి రంగులు పూశాను. డోలు దెబ్బకో ఎర్ర చుక్క. సన్నాయి సాగినంతసేపూ పసుపు గీత. పల్లవి తిరిగొచ్చినప్పుడల్లా అదే గీత తిరిగొస్తుంది. గట్టిమేళం దగ్గర తెరంతా ఎరుపే. మనుషుల్లేరు, కథ లేదు. రీలుతోపాటు క్యాసెట్ కూడా మోగిద్దామంటే, సరిగ్గా బొమ్మ వేసేరోజు పొద్దున్నే టేపు చుట్టుకుపోయింది. ఖర్మ!

ఆదివారం ఆట మొదలవకముందు హాల్లో వేశాం. లక్ష్మి బతిమాలి నాన్నని తెచ్చింది. మేమిద్దరం ముందు, మామగారూ అత్తగారూ ఆవిడ చెల్లెళ్ళూ మా వెనక వరసలో.

"ఏటీ సుక్కలు? రీలు పాడైపోనాదా?" అన్నారు అత్తగారు.

కాసేపటికి కుర్చీ చేతిమీద మామగారి వేళ్ళ తాళం వినిపించింది. తెర ఎర్రబడింది. వెనక గాజులు గలగలమన్నాయి. తిరిగి చూస్తే ఆడవాళ్ళంతా అలవాటుకొద్దీ ఉత్త చేతులు ఎత్తి మామీదికి విసురుతున్నారు.

లైట్లు వెలిగాయి. నా తలమీదా, లక్ష్మి జడలోనూ అక్షింతలు! నలిపి చూశాను. బియ్యమే. పసుపు తడి ఇంకా ఆరలేదు.

"అచ్చింతలెవులు తెచ్చారు?" మామగారు గర్జించారు.

ఎవరూ తేలేదు. కొంగులు దులిపారు, సంచులు బోర్లించారు. హాలు పొద్దున్నే ఊడ్చింది నేనే, గింజ కూడా లేదు. ఆయన లక్ష్మి జడలోంచి ఒక గింజ తీసి చాలాసేపు చూశారు. కళ్ళు తుడుచుకుని మొట్టమొదటిసారి నాకేసి తిరిగారు.

"అల్లుడుగోరూ, తాళి కట్టేకాడ జోరు సాల్లేదు. ఇంకో నాలుగు సుక్కలెట్టాల."

ఆ రీలు తరవాత ఎన్నోసార్లు వేశాను, తలమీద తెల్ల తువ్వాలు పరుచుకుని మరీ. ఒక్క గింజ రాలలేదు. ఆరోజు ఎక్కణ్ణుంచి వచ్చాయో ఇప్పటికీ నాకు అంతుపట్టదు. లక్ష్మికి మాత్రం ఏ సందేహమూ లేదు.

"పెళ్ళొక్కసారే గదా, అచ్చింతలు ఎన్నిపాల్లని ఏత్తారు?" అంటుంది.