టీచర్ ఎవరికీ చెప్పని గుట్ట

నిన్న పొద్దున ఆఫీస్ కాల్‌లో ఉండగా యాదయ్య బాబాయ్ గారి ఫోన్.

“టీచర్ పోయింది బిడ్డా.”

ఆయన భార్యను టీచర్ అనే పిలుస్తారు. ఆ ఒక్క మాట చెప్పి ఊరుకున్నారు. గంటసేపు మాట్లాడందే ఫోన్ పెట్టని మనిషి.

మీటింగ్‌లో ఎవరికి ఏం చెప్పి లేచానో గుర్తు లేదు. కారు తాళాలు చేతిలో పెట్టుకుని వాటి కోసమే ఇల్లంతా వెతికాను.

సుగుణ టీచర్ తెలియనివాళ్ళ కోసం రెండు మాటలు.

చేవెళ్ల దగ్గర స్కూల్లో బయాలజీ చెప్పి రిటైర్ అయ్యారు. పక్షుల మీద, చెట్ల మీద, ప్రయాణాల మీద పుస్తకాలు రాశారు. ప్రయాణాలంటే ఏ హిమాలయాలో కాదు. దొరికిన బస్సు ఎక్కడం, ఆఖరి స్టాప్‌లో దిగడం, అక్కడి నుంచి నడక.

ఆ నడకే పుస్తకం.

మోకిలలో మా ఫ్లాట్ బాల్కనీలో కూర్చుని చదువుతుంటే కాళ్ళకి ఎర్రమట్టి అంటినట్టు ఉండేది.

ఒక పుస్తకంలో గుడ్లగూబ చాప్టర్ ఉంది. గుట్ట మీద బండల సందులో ఒక పెద్ద కొమ్ముల గుడ్లగూబ. ఆ పేజీల్లో ఏమీ జరగదు. వెలుతురు తగ్గుతుంది. గడ్డి రంగు మారుతుంది. చాలాసేపటికి అది కళ్ళు తెరుస్తుంది.

అది చదివిన సాయంత్రం నేను ఇంట్లో లైట్లు వేయడం మర్చిపోయాను.

గుట్ట చిన్న మంగళారం వెనక ఉందని రాశారు. ఆదివారం వెళ్ళాను. ఎటు చూసినా ఫామ్‌హౌస్ గోడలే. ఒక గేటు దగ్గర వాచ్‌మన్ నన్ను చూడగానే కుర్చీ జరిపాడు.

“గూబ కోసమే వచ్చిన్రా? పుస్తకం సదివి మస్తు మంది వస్తున్నరమ్మా. ఈడ గుట్ట లేదు, గూబ లేదు. జర నీళ్ళు తాగి పోన్రి.”

ఒళ్ళు మండింది. పుస్తకం వెనక ఉన్న నంబర్‌కి ఫోన్ చేసి గట్టిగానే అడిగాను.

టీచర్ నవ్వారు. “అవు, అబద్ధమే రాసిన. గూడు ఉన్న ఊరి పేరు నేను ఎన్నడు నిజం రాయ. అమాసకు పూజలని పట్కపోతరు. లేకుంటె కెమెరాలు పట్టుకొని మీద పడ్తరు.”

తర్వాతి వారం ఆవిడే నన్ను తీసుకెళ్ళారు. నన్నెందుకు నమ్మారని అడిగాను.

“మీది గోదావరి దిక్కు. ఈడ నీకు ఎవ్వలు ఎరుక? ఎవ్వలికి చెప్తవ్?”

ఇన్నేళ్ళుగా ఇక్కడే ఉంటున్నదాన్ని. నవ్వాలో ఏడవాలో తెలియలేదు.

ఆ చోటు బాబాయ్ గారికి కూడా తెలియదు. ఏళ్ళ తరబడి ఆవిడను స్కూటర్ మీద రోడ్డు దాకా తీసుకెళ్ళి దింపి, అక్కడే పేపర్ చదువుకుంటూ కూర్చునేవారు. అక్కడి నుంచి ఆవిడ ఎటు వెళ్తారో, ఏ గుట్టో, ఏ బండో చెప్పేవారు కాదు. చేవెళ్లలో ఆయనది ఎరువుల దుకాణం. ఆయన చెవిన పడ్డ మాట మధ్యాహ్నానికల్లా షాబాద్ చేరుతుంది.

“ఈయన నోట్ల మాట ఆగదు,” అని టీచర్ ఆయన ముందే అనేవారు. ఆయన టీ తాగుతూ తల ఊపేవారు.

మొన్న చలికాలం నుంచి టీచర్ మంచం మీదే ఉన్నారు. ఆ గుట్ట పక్కన ప్లాట్ల రాళ్ళు పాతుతున్నారని, బండలు పగలగొడుతున్నారని ఎవరో చెప్పారట. గూబ ఉందో వెళ్ళిపోయిందో అని ఒకటే బెంగ. నేను చూసొస్తానంటే వద్దన్నారు.

“గుడ్ల మీద ఉంటది ఇప్పుడు. మనిషి పోతె లేస్తది. పిల్లలైనంక పోయి, వచ్చి నాకు చెప్పు.”

నిన్న సాయంత్రం, అన్నీ అయిపోయాక, బాబాయ్ గారు నన్ను పక్కకి పిలిచారు.

“పోయేముంగట గూబ ముచ్చటే అడిగింది బిడ్డా. నేనేం చెప్త? నాకేం ఎరుక?”

“రేపు పొద్దున నాతో రండి బాబాయ్ గారు. ఈపాటికి పిల్లలై ఉంటాయి. నేను చూపిస్తాను,” అన్నాను.

ఆయన తల అడ్డంగా ఊపారు.

“వద్దు. చూస్తె ఎవ్వలికన్న చెప్త. నా సంగతి నాకెరుక. టీచర్ గింత జాగ్రత్తగ దాచుకున్నది, నా నోటితోని పోవద్దు. నువ్వు పోయి చూసి రా. ఉన్నదా లేదా, గంతే చెప్పు.”

ఈ పొద్దున వెళ్ళాను. ఎక్కడ అని కామెంట్లలో అడగకండి.

ఇంకా సూర్యుడు రాలేదు. గుట్ట కింది దాకా తెల్ల రంగు వేసిన ప్లాట్ల రాళ్ళు. ఒక జేసీబీ మంచులో తడిసి నిలబడి ఉంది. పైకి ఎక్కాను. బండల సందు ఖాళీ.



టీచర్ ఎప్పుడూ అనే మాట చెవిలో పడ్డట్టయింది. “ఎతకకు. కూసో.” కూర్చున్నాను. కింద టమాటా చేలలో ఎవరో మోటార్ వేశారు. నీళ్ళ చప్పుడు. వెలుతురు బండ మీదికి మెల్లగా పాకింది. ఎంతసేపు కూర్చున్నానో తెలియదు, మెలకువో నిద్రో కూడా తెలియదు.

బండ అనుకున్నది కళ్ళు తెరిచింది.

నారింజ రంగు కళ్ళు. దాని వెనక బూడిద రంగు నూగుతో రెండు పిల్లలు.

అక్కడే కూర్చుని ఏడ్చాను. చెప్పాల్సిన మనిషి లేరు.

తిరిగి వచ్చేసరికి వాళ్ళింటి నిండా జనం. చుట్టాలు, దుకాణం మనుషులు, టీచర్ దగ్గర చదువుకున్నవాళ్ళు. బాబాయ్ గారు అరుగు మీద మధ్యలో కూర్చున్నారు. నన్ను చూసి లేచి నిలబడ్డారు.

దగ్గరికి వెళ్ళి చెవిలో చెప్పాను. “ఉంది. రెండు పిల్లలు కూడా.”

ఆయన కళ్ళు మూసుకున్నారు.

“ఏందన్నా, ఏమాయె?” అని ఎవరో అడిగారు. అరుగంతా ఆయన వైపే చూసింది.

“ఏం లేదు,” అన్నారు బాబాయ్ గారు.

“ఏదో చెప్పింది గద?”

“ఏం లేదన్న గద.”

అని మళ్ళీ కూర్చుని, తువ్వాలు నోటికి అడ్డం పెట్టుకున్నారు.

వెళ్ళి రండి టీచర్. మీరు నడిచే తోవంతా నిమ్మళంగా ఉండాలి.