చింతపండుతో తోమిన ట్రాంబోన్

మొన్న శుక్రవారం సాయంత్రం సౌదీలో, అల్ ఖోబర్ సముద్రపు ఒడ్డున, ఆడా మగా పిల్లాజెల్లా చాపలు పరుచుకుని కూర్చున్నచోట, నలుగురు తెల్లవాళ్లు వేదికెక్కి బాహాటంగా బ్యాండు వాయిస్తుంటే నా కాళ్లు అక్కడే ఆగిపోయాయి. వాళ్లలో ఒకాయన చేతిలో ట్రాంబోన్ ఉంది. మన పెళ్లి బ్యాండులో ఊదే బాకాకు పెద్దన్న లాంటిది అది, గొట్టాన్ని ముందుకూ వెనక్కూ జరుపుతూ ఊదాలి. నా ఈడు వాళ్లకు, పాత గల్ఫ్ ఎరిగినవాళ్లకు వేరే చెప్పనక్కర్లేదు, ఇదే ఊళ్లో ఒకప్పుడు పాట గోడ దాటి వినిపిస్తే మతపోలీసులు వచ్చి తలుపు కొట్టేవాళ్లు.

అప్పట్లో నేను తెల్లవాళ్లుండే కాంపౌండులో ఏసీ మెకానిక్‌ని, జగిత్యాల దిక్కు నుంచి వచ్చి నాలుగేళ్లయింది. అక్కడొక విల్లాలో ఒంటరిగా ఉండే డెన్మార్క్ పెద్దాయన నీళ్ల ప్లాంటులో పంపుల ఇంజనీరు. నేను ఏసీ చూడ్డానికి వెళ్లినప్పుడల్లా తానే చాయ్ పెట్టి, నా అరకొర ఇంగ్లీషుకు అందేలా నిదానంగా తన కథ చెప్పేవాడు. పద్దెనిమిదేళ్లకే ట్రాంబోన్ పట్టి జాజ్ బ్యాండులో చేరాడట, ఐదుగురు మిత్రులు ఒక పాత బస్సులో యూరప్ అంతా తిరిగారట, రెండు రికార్డులు కూడా ఇచ్చారట. తర్వాత జనం చెవులు వేరే పాటల వైపు మళ్లాయి, బ్యాండు చెదిరింది, ఆయన వాళ్ల నాన్న చేసిన పంపుల పనిలోకే వచ్చిపడ్డాడు. అయినా కిటికీలు మూసి, ఏసీ హోరు పెంచి, బాకా మూతిలో తువ్వాలు కుక్కి రోజూ ఊదేవాడు. అది వింటూ తుడిచిన ఫిల్టరే మళ్లీ తుడుస్తూ కూర్చునేవాణ్ని. నాకు అర్థమైందేం లేదు గానీ లేచి రాబుద్ధయ్యేది కాదు.

ఒకనాడు ఆయన ముఖం వెలిగిపోతోంది. పాత మిత్రులు బహ్రెయిన్ హోటల్లో వాయించడానికి వస్తున్నారట, గురువారం సముద్రం మీది వంతెన దాటి వచ్చి తమతో కలవమన్నారట. అందరూ అరవై దాటినవాళ్లే, ఒకరికి గుండె ఆపరేషన్ కూడా అయింది, మళ్లీ కలిసి వాయించడం ఉండదు, ఇదే ఆఖరు అన్నాడు.

బుధవారం ఏసీ సర్వీసుకని తాళం నాకిచ్చి డ్యూటీకి పోయాడు. బల్ల మీద ట్రాంబోన్ విప్పి పెట్టి ఉంది, ఒళ్లంతా నల్లటి మచ్చలు. అంతమంది ముందుకు దీన్ని ఇట్లాగే తీసుకుపోతాడా అని నాకు మనసొప్పలేదు. పండగ ముందు మా అమ్మ ఇత్తడి బిందెలు తోమినట్టే, రూంలోంచి చింతపండు, ఉప్పు తెచ్చి పీచుతో రుద్దాను. లోపలి గొట్టానికి పూసిన నూనెను జిడ్డనుకుని దాన్నీ ఒత్తిపట్టి తోమేశాను. తళతళలాడుతుంటే చూసుకుని మురిసిపోయాను, నా తెలివి తగలెయ్య!

రూంకు వచ్చి గొప్పగా చెబితే నాతో పాటు ఉండే మా బావ తింటున్న పళ్లెం పక్కన పెట్టేశాడు. "ఏం పని జేసినవ్‌రా! అడగకుండ ఆయన సామాను ముడ్తవా? అది చెంబనుకున్నవా? ఖరాబైతే ఎగ్జిట్ కొట్టి ఇంటికి పంపుతరు. నోరు మూసుకొని ఉండు" అన్నాడు.

ఖరాబే అయింది. నేను ఒత్తిపట్టి తోమిన ఆ లోపలి గొట్టం మహా పలచనిదట, వెంట్రుకవాసి వంగినా పై గొట్టం జరగదట. ఖోబర్‌లో దాన్ని బాగుచేసేవాడే లేడు. పెద్దాయన గురువారం ఉత్త చేతులతో బహ్రెయిన్ పోయి, ముందు వరసలో కూర్చుని, మిత్రులకు చప్పట్లు కొట్టి వచ్చాడు. మా ఫోర్‌మన్ ఆరా తీస్తే తన చేతిలోంచే జారి పడిందన్నాడట. ఇల్లంతా చింతపండు వాసన కొడుతుంటే ఆయనకు తెలియకుండా ఉంటుందా? నా కొలువు పోకూడదని అబద్ధమాడాడు. ఆ తర్వాత ఆ విల్లాలోంచి ఏసీ చప్పుడు తప్ప ఇంకేం వినపడలేదు.

ఇప్పుడా కాంపౌండు లేదు, ఆ ఫోర్‌మన్ లేడు, తప్పు ఒప్పుకుంటే పంపేస్తారన్న ఆనాటి వణుకు నా ఒంట్లోనూ లేదు. ఇప్పుడైతే ఒక్క మాటలో చెప్పేద్దును, వినడానికి ఆయన ఎక్కడున్నాడో, అసలున్నాడో లేదో కూడా తెలియదు. ఆయన కొలువు ముగిసి ఎగ్జిట్ మీద తన దేశానికి వెళ్లిపోయిన పొద్దున పెట్టెలు కారులో ఎక్కించింది నేనే. సీట్లో కూర్చుని, తలుపు వేసుకోకుండా, కాసేపు నా మొహంలోకే చూశాడు. నేనేమైనా అంటానేమోనని చూశాడని ఈ వయసులో తెలుస్తోంది. సారీ అన్న మాట ఆనాటికే నాకు వచ్చు. అంటే ఒప్పుకున్నట్టవుతుందని భయపడి, ఆ తలుపు నేనే వేశాను.