అసెంబ్లీకి వెళ్ళిన మా ఆవిడ

మా ఆవిడ ఎమ్మెల్యేగా గెలిచిన రోజు నేను చిలకలూరిపేట జిన్నింగు మిల్లులో లారీకి పత్తి బేళ్ళు ఎత్తుతున్నాను. గుమాస్తా పరుగెత్తుకొచ్చి, "ఒరేయ్, మీ ఆవిడ గెలిచిందిరా! దిగు కిందకి!" అని అరిచాడు. లారీ సగంలో వదలబుద్ధి కాక, మిగతా బేళ్ళు కూడా ఎత్తాకే దిగాను.

తనూ అదే మిల్లులో పన్నెండేళ్ళు మిషన్లకు పత్తి అందించింది. కూలి పెంచమని ఆడవాళ్ళందరినీ కూడగట్టి గేటు ముందు కూర్చోబెట్టింది. అది చూసే పార్టీవాళ్ళు టికెట్ ఇచ్చారు. గెలుస్తుందని వాళ్ళూ అనుకోలేదు, నేనూ అనుకోలేదు.

ఇద్దరం హైదరాబాదు వెళ్ళాం. క్వార్టర్‌లో దిగి నెల తిరక్కముందే నా చుట్టూ మనుషులు చేరారు. "మేడం గారికి మీరొక్క మాట చెబితే చాలండి" అనేవారు. అంతవరకూ నన్నెవరూ 'అండీ' అని పిలిచి ఎరగరు. బాగానే ఉండేది. ఒక రోడ్డు కాంట్రాక్టరు చేతి గడియారం తెచ్చిస్తే పెట్టుకున్నాను కూడా.

సాయంత్రం తను నా చెయ్యి చూసింది. ఎవరిచ్చారో చెప్పాను.

"నువ్వు పేటకెళ్ళిపోవయ్యా" అంది. "ఇక్కడుంటే అందరూ నీ దగ్గరికే వస్తారు. నువ్వడిగితే నేను కాదనలేను. అదే నా భయం."

గడియారం తనే వెనక్కి పంపించింది. మర్నాడు నేను బస్సెక్కాను. దారి పొడుగునా కోపమే. నరసరావుపేట దాటాక మాత్రం ఏడుపొచ్చింది.

మళ్ళీ మిల్లులో చేరాను. "ఏరా, ఎమ్మెల్యే మొగుడివి, నీకీ బేళ్ళేంట్రా?" అని తోటివాళ్ళు నవ్వితే నేనూ నవ్వేవాణ్ణి. ఇంటికొచ్చాకే కష్టంగా ఉండేది. వెనకటి రోజుల్లో షిఫ్టు దిగాక గడపలో కూర్చుని తన జుట్టులో చిక్కుకున్న దూది ఒక్కో పోగూ ఏరేవాణ్ణి. "మెల్లిగా లాగు" అని విసుక్కునేది. ఆ విసుగు కోసం కూడా బెంగగా ఉండేది. టీ హోటల్లో వార్తలొచ్చే వేళకి వెళ్ళి నిలబడేవాణ్ణి. ఎప్పుడో ఒకసారి, సభలో వెనక వరసలో, అరనిమిషం కనిపించేది.

పేటకొచ్చినా గెస్ట్‌హౌస్‌లో అర్జీలు తీసుకుని అటునుంచి అటే వెళ్ళిపోయేది. ఒకసారి నేనూ వెళ్ళి వరసలో నిలబడ్డాను. నా వంతు వచ్చింది. తను తలెత్తలేదు.

"చెప్పండి, ఏం కావాలి?"

"నువ్వొకసారి ఇంటికి రావాలి."

వెనకున్న జనం గొల్లుమన్నారు. తను నవ్వలేదు. కళ్ళు తుడుచుకుని, "ఆదివారం వస్తా. దోసకాయ పప్పు వండు" అంది.

ఆదివారం రాలేదు. మిరప చేలకు తెగులొచ్చిందని రైతులు పిలిస్తే అటు వెళ్ళిందట. ఆ పప్పు మర్నాటి దాకా నేనే తిన్నాను.

రెండోసారి టికెట్ ఇవ్వలేదు. ఒక పెట్టె, రెండు సంచుల కాగితాలతో ఇంటికొచ్చేసింది. ఐదేళ్ళూ నేను ఎదురుచూసింది ఆ రోజు కోసమే. కానీ వచ్చిన మనిషి పొద్దున్నే పేపరు పరుచుకుని అసెంబ్లీ వార్తలు చదివేది. "ఈ ప్రశ్న ఇలా కాదు అడగాల్సింది" అని తనలో తను అనుకునేది. తర్వాత పగలంతా మాట ఉండేది కాదు. నేను తన కోసం పడ్డ బెంగే ఇప్పుడు తను ఆ సభ కోసం పడుతోందని అర్థమవడానికి నాకు చాలా రోజులు పట్టింది. పోనీ, మళ్ళీ వెళ్ళిపోయినా బాగుండేదనిపించింది.

ఒకరోజు మిల్లులో పనిచేసే ముసలామె వచ్చింది. వితంతు పింఛను ఆపేశారట. మా ఆవిడ విని లేచింది, చీర మార్చుకుంది. "సైకిల్ తియ్యవయ్యా" అంది.

మండలాఫీసు బయట గంటసేపు కూర్చున్నాను. తను చెమటలు కక్కుతూ వచ్చి సైకిలెక్కింది. ఆఫీసరు ఏమన్నాడో, తను ఏ రూలు చూపించిందో, వెనక కూర్చుని ఆపకుండా చెబుతూనే ఉంది. అంత సంతోషంగా ఉన్న గొంతు విని ఎన్నాళ్ళయిందో.

"ఏవయ్యా, ఇల్లు దాటిపోయాం!"

"తెలుసులే, చెప్పు" అన్నాను, తొక్కుతూనే.