దెబ్బలు లెక్కపెట్టే మనిషి

మా కిందింటి అన్న చనిపోయాడు. చర్లపల్లిలో పొద్దుటి షిఫ్టుకు వెళ్లి, మిషను దగ్గర ఛాతీ పట్టుకుని కూలబడ్డాడట. తోటివాళ్లు ఆటోలో దవాఖానాకు తీసుకెళ్లేసరికే అయిపోయింది. వదిన నాకు ఫోన్ చేసి, "తమ్మీ, మీ అన్న లేడు. ఇంటికి తీసుకొస్తున్నం" అంది. మొదటి మాటకు ఏడుపొచ్చింది. రెండో మాటకు భయమేసింది. ఎందుకంటే ఆ ఇల్లు మాది. ఆయన మా ఇంట్లో తొమ్మిదేళ్లుగా కిరాయికి ఉన్న మనిషి. కిరాయికి ఉన్నవాళ్ల శవాన్ని ఇంటివాళ్లు గేటు దాటనివ్వరన్న సంగతి ఈ ఊళ్లో ఇల్లు అద్దెకు తీసుకున్న ఎవరికైనా తెలుసు.

మా అమ్మ దాటనివ్వలేదు. నేనూ దాటించలేదు. అదెలా జరిగిందో చెబుతాను గానీ, ముందు ఆయన ఎలాంటివాడో చెప్పాలి. ఎందుకంటే మా గల్లీ వాట్సాప్ గ్రూపులో పువ్వుల బొమ్మలు పెట్టి "మృదుస్వభావి, అజాతశత్రువు" అని రాసినవాళ్లకు ఆయన గురించి ఇసుమంత కూడా తెలియదు. ఆయన మృదుస్వభావి కాదు, ఒట్టి మొండిఘటం. శత్రువులు లేరనడం కూడా అబద్ధమే, చాలా రోజులు నేనే ఒకణ్ణి. ఆ పువ్వులు పెట్టినవాళ్లలో ముగ్గురు అదే పొద్దున మా అమ్మ దగ్గరికొచ్చి గేటు తీయొద్దని చెప్పిపోయారు. ఇది వాళ్లు చదువుతారు. చదవనీ.

ఆయన బీరువాలు చేసే ఫ్యాక్టరీలో ఇనుప రేకుల మందం కొలిచే పని చేసేవాడు. నలభై దాటిన మనిషి, జనగామ దిక్కువాడు. మందం కొలిచే చిన్న గేజి ఎప్పుడూ జేబులో ఉండేది. ఇంట్లోనూ అదే బుద్ధి. రొట్టె ఒక పక్క మందంగా ఉందని వదినను, మెట్లన్నీ ఒకే ఎత్తున లేవని మా నాన్నను సతాయించేవాడు. ఎవరైనా సుమారుగా అంటే ఆయనకు గిట్టేది కాదు. సుమారుగా ఎంత అని మళ్లీ అడిగేవాడు.

నేను ఇంటి నుంచే కంప్యూటర్ ఉద్యోగం చేసుకుంటాను, ఆదివారాలు గేమ్ ఆడతాను. కవచం తొడుక్కుని, కత్తి పట్టుకుని రాక్షసులతో కొట్లాడే గేమ్. గెలిచినకొద్దీ మంచి కవచాలు దొరుకుతాయి, మన మనిషి బలం పెరుగుతుంది. ఒక ఆదివారం నేను నీళ్ల మోటారు బంద్ చేయడం మరిచిపోతే, తిట్టడానికి ఆయన పైకొచ్చాడు. సరిగ్గా అప్పుడే నేను ఒక ఇనుప రాక్షసుడి చేతిలో ఇరవయ్యోసారి చచ్చాను. ఆయన మోటారు సంగతి వదిలేసి గుమ్మంలోనే నిలబడి, వాడు ఒక్క దెబ్బకు ఎంత ప్రాణం తీస్తున్నాడని అడిగాడు. తెలియదన్నాను.

"దెబ్బ ఎంతనో తెల్వకుంట అంగీ ఎట్ల కుట్టిచ్చుకుంటవ్ రా?" అన్నాడు.

నాకు ఒళ్లు మండింది. ఆ గేమ్‌లో నేను అప్పటికే రెండు వందల గంటలు గడిపాను. బీరువాల మనిషి వచ్చి నాకు చెప్పేదేమిటనుకున్నాను.

మరుసటి ఆదివారం పాత క్యాలెండర్ కాగితం ఒకటి పట్టుకుని తయారయ్యాడు. నా మనిషి ఒంటి మీదున్నవన్నీ తీసేయించాడు. హెల్మెట్, ఛాతీ కవచం, చేతి తొడుగులు, బూట్లు, అన్నీ. ఉత్త ఒంటితో రాక్షసుడి ముందు నిలబెట్టి ఒక్క దెబ్బ తినమన్నాడు. నిండు ప్రాణం వంద అనుకుంటే, ఆ ఒక్క దెబ్బకే వందా పోయింది. క్యాలెండర్ వెనక రాసుకున్నాడు. తర్వాత ఒక్కొక్కటే తొడిగించి, ఒక్కొక్క దెబ్బ తినిపించి, రాసుకుంటూ పోయాడు. ఒక్కో కవచానికీ డిఫెన్స్ అని ఒక అంకె ఉంటుంది. అవన్నీ కలిపి వంద అయినప్పుడు దెబ్బ సగమైంది. రెండొందలైతే మూడో వంతు, మూడొందలైతే నాలుగో వంతు. ఆ ఆదివారమంతా నేను చావుదెబ్బలు తినడంతోనే సరిపోయింది. వదిన కింద నుంచి రెండుసార్లు అన్నానికి పిలిస్తే, ఇంకా బూట్లున్నాయని జవాబిచ్చాడు.

మా గొడవంతా ఆ క్యాలెండర్ కాగితం మీదే మొదలైంది. మొదటి వంద యాభై శాతం దెబ్బను ఆపింది కదా, రెండో వంద కలిపితే ఇంకో పదిహేడు శాతమే ఆగుతోంది, మూడోది కలిపితే ఎనిమిదే, కాబట్టి రెండొందల దగ్గర ఆగి మిగతా బరువుకు పెద్ద కత్తి పెట్టుకోవడం తెలివని నేనన్నాను. ఇంటర్నెట్‌లో అందరూ అదే అంటారని కూడా అన్నాను. ఆయన కాగితాన్ని నా వైపు తిప్పాడు.

"పర్సెంటు పక్కకు వెట్టు. ఎన్ని దెబ్బలకు పడ్తవో అది లెక్కవెట్టు. ఉత్తగుంటె ఒకటి. వందకు రెండు. రెండొందలకు మూడు. మూడొందలకు నాలుగు. వందకొక దెబ్బ పెరుగుతనే ఉన్నది. యాడ తగ్గింది, సూపెట్టు?"

చూపెట్టడానికేమీ లేదు. లెక్క ఆయనదే సరి. అది నాకు అక్కడే తెలిసిపోయింది. అయినా ఒప్పుకోలేదు. ఒప్పుకోకపోవడానికి కారణం లెక్క కాదు. మా ఇంట్లో కిరాయికి ఉన్న మనిషి, నా కుర్చీలో కూర్చుని, నా గేమ్‌లో నన్ను తప్పనడం. ఇప్పుడు రాస్తుంటే సిగ్గేస్తోంది గానీ, కారణం అదే.

ఉప్పల్ రింగు రోడ్డు దగ్గర పాత సామాన్ల దుకాణంలో ఇంకో కంట్రోలర్ కొనుక్కొచ్చి, నాతోపాటు ఆడటం మొదలుపెట్టాడు. ఆ గేమ్‌లో బరువుకు ఒక హద్దుంది. అది దాటితే మనిషి దెబ్బ తప్పించుకోవడానికి పక్కకు దొర్లలేడు. ఆయన పెద్ద కత్తి పారేసి చిన్న చాకు పెట్టుకున్నాడు, మిగిలిన బరువంతా కవచానికే ఇచ్చాడు. కవచాలకు మెరుగులు దిద్దేటప్పుడు అందరూ ఛాతీకే పెడతారు. ఆయన ముందు బూట్లకు పెట్టాడు. తక్కువున్న చోట పెడితే ఎక్కువ పెరుగుతుందని లెక్క చూపించాడు. తెర మీద ఆయన మనిషి నడిచొచ్చే బీరువాలా ఉండేవాడు. ముందుకెళ్లి రాక్షసుడికి ఎదురుగా నిలబడి, "నువ్వు నా ఎన్క ఉండు" అనేవాడు. దెబ్బలన్నీ ఆయన తినాలి, నేను పక్క నుంచి పొడవాలి. అదీ పద్ధతి. నాకు నచ్చేది కాదు. ఒకరోజు ఓడిపోయిన కోపంలో, కొట్టడం చేతగాక ఇనుములో దాక్కుంటున్నావన్నాను. కంట్రోలర్ బల్ల మీద పెట్టి లేచిపోయాడు. నెల రోజులు పైకి రాలేదు. మెట్ల దగ్గర ఎదురైనా పలకరించుకోలేదు.

ఆ నెలలో ఆ రాక్షసుడితో నేనొక్కణ్ణే కొట్లాడాను. రెండొందల డిఫెన్స్‌తో ఎన్నిసార్లు చచ్చానో లెక్కలేదు. చివరికి తలుపు గడియ పెట్టుకుని, ఎవరో చూస్తారన్నట్టు, మూడొందలు తొడిగాను. మూడు దెబ్బలు తిన్నాక కూడా పావు ప్రాణం మిగిలింది. నాలుగోది పడేలోపు వాణ్ణి చంపేశాను.

తర్వాత వదిన సర్వపిండి చేసి ఆయన చేతికిచ్చి పంపింది. మమ్మల్ని కలపడానికే పంపిందని ఇద్దరికీ తెలుసు. రాక్షసుణ్ణి చంపేశానని చెప్పాను. రెండొందలతోనే చంపానన్నాను. ఎన్ని దెబ్బలు తిన్నావని ఆయన మామూలుగా అడిగాడు. మూడు అని నోరు జారాను. రెండొందలకు మూడో దెబ్బే చావు. ఆ లెక్క కట్టినవాడు నా ఎదురుగానే కూర్చున్నాడు. నా ముఖంలోకి చూశాడు, సర్వపిండి ఒక ముక్క విరిచి నోట్లో వేసుకున్నాడు, "మంచిగ కొట్టినవ్" అన్నాడు. అంతే. మళ్లీ ఎన్నడూ ఆ మాట ఎత్తలేదు. ఒక్కసారి ఎత్తిపొడిచినా నాకు తేలికయ్యేది. పొడవలేదు, మహానుభావుడు. దానికి కూడా నాకు కోపమే.

రెండేళ్ల కింద మా నాన్న పోయాడు. వాకిట్లో పడుకోబెట్టాం. షామియానా వేయించింది, వెదురు తెచ్చి పాడె కట్టింది ఆయనే. నేను గోడకు ఆనుకుని కూర్చుండిపోతే, ఎట్లా పోయాడు, ఎప్పుడు పోయాడు అని వచ్చినవాళ్లు అడిగే ప్రశ్నలకు నా బదులు ఆయనే నిలబడి జవాబు చెప్పాడు. సాయంత్రం దాకా ఆయన మంచినీళ్లు కూడా ముట్టలేదని తర్వాత వదిన చెప్పింది.

ఇక ఆ పొద్దున సంగతి.

వదిన ఫోన్ పెట్టేయగానే అమ్మకు చెప్పాను. అమ్మ చెంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. నిజంగానే ఏడ్చింది. గల్లీ వాళ్లు ముగ్గురు వచ్చి మాట్లాడిపోయాక కళ్లు తుడుచుకుని, గేటుకు తాళం వేయమంది.

"కిరాయోళ్ల శవం ఇంట్ల వెట్టుకుంటె ఇల్లు పాడువడ్తదిరా. నేను వెట్టిన ఆచారమా ఇది?"

నాన్నకు పాడె కట్టింది ఆయనే కదమ్మా అన్నాను. "మనోళ్లు వేరు, కిరాయోళ్లు వేరు" అంది. నాన్న పోయాక ఆ ఇల్లు మా ఇద్దరి పేరు మీదా ఉంది. తాళంచెవి నా చేతిలో ఉంది. ముప్పై రెండేళ్ల మనిషిని. ఒక్క దెబ్బకే పడిపోయాను. వెళ్లి తాళం వేశాను. మా అమ్మ చెడ్డది కాదని ఇక్కడ రాయాలనుంది. రాయను. ఆ పూట చెడ్డదే. నేను అంతకన్నా చెడ్డవాణ్ణి, ఎందుకంటే ఆమె ఆ ఆచారాన్ని నమ్మింది, నేను నమ్మలేదు.

అంబులెన్స్ పది గంటలకొచ్చింది. వదిన దిగి తాళం చూసింది. తర్వాత నన్ను చూసింది. నేను గేటు లోపల ఉన్నాను. తెరవమని ఆమె అడుగుతుందని, అడిగితే తెరుస్తానని అనుకుంటూ నిలబడ్డాను. ఆమె అడగలేదు. జనగామ నుంచి వచ్చిన ఆమె తమ్ముళ్లు గేటు ఊపబోతే వద్దని ఆపింది.

"లోపల్కి వద్దు తమ్మీ. తానం జేపియ్యనీకె జర నీళ్లియ్యి, సాలు."

రోడ్డు మీదే బెంచీ వేసి ఆయన్ను పడుకోబెట్టారు. ఫ్యాక్టరీ యూనిఫారం ఇంకా ఒంటి మీదే ఉంది. పక్క నుంచి స్కూటర్లు పోతున్నాయి. పువ్వుల బొమ్మలు పెట్టబోయే పెద్దమనుషులు ఎవరి బాల్కనీల్లో వాళ్లు చేతులు కట్టుకుని చూస్తున్నారు. నేను వాకిట్లో కుళాయికి పైపు తగిలించి, గేటు ఊచల సందులోంచి రెండో కొస బయటికి అందించాను. వదిన తమ్ముడు అందుకున్నాడు. యూనిఫారం విప్పేశారు. అంత చిన్న ఛాతీ అని నాకు అప్పటిదాకా తెలియదు.

నీళ్లు పోయడం మొదలుపెట్టారు. కొత్త రోడ్డు వేసినప్పుడల్లా పాతదాని మీదే వేయడం వల్ల మా గల్లీలో రోడ్డు ఇళ్లకన్నా ఎత్తైపోయింది. ఆయన ఒంటి మీది నీళ్లు బెంచీ దిగి, రోడ్డు మీద రెండు పాయలుగా చీలి, గేటు కింది నుంచి వాకిట్లోకి వచ్చాయి. నా కాళ్లు తడిశాయి. అమ్మ గోనెసంచి తెచ్చి గేటు కింద అడ్డం పెట్టింది. నీళ్లు సంచిని చుట్టి వచ్చాయి. చీపురు తెచ్చి బయటికి ఊడ్చింది. మళ్లీ వచ్చాయి. "బంద్ జెయ్‌రా, ఇగ బంద్ జెయ్" అంటూ ఏడుస్తూ ఊడుస్తోంది. నీళ్లు వాకిలి దాటి, ఆయన చెప్పులు తడిపి, తాళం వేసిన ఆయన తలుపు కింది నుంచి లోపలికి పోయాయి. నేను కుళాయి కట్టేయలేదు.