బాలింత పథ్యం పెట్టిన కుక్క

పందొమ్మిది వందల అరవైల నడుమ, చెరుకు గానుగలు ఆడే కాలంలో నన్ను అనకాపల్లి పశువైద్యశాలకు కాంపౌండరుగా వేశారు. డాక్టరు రాసిన మందు కలిపి ఇవ్వడం, కట్లు కట్టడం, అవసరమైతే ఇళ్లకు వెళ్లి చూసి రావడం నా పని. ఆ ఉద్యోగంలో అప్పట్లో ఆడవాళ్లు అరుదు. నేను మాటకారిని కాను. చెప్పలేకపోయినవి డైరీలో రాసుకునేదాన్ని.

ఒక బెల్లం వ్యాపారి ఇంట్లో మల్లి అనే కుక్క పిల్లల్ని పెట్టింది. పాలు పడక రెండు పిల్లలు చచ్చిపోయాయని కబురొచ్చింది. మల్లి ఉన్న వసారాకు ఆనుకునే పురిటిగది. ఆ ఇంటి కూతురు సత్యవతి అక్కడ పచ్చి బాలింత. అటు మగవాళ్లను రానివ్వరు కనక డాక్టరుగారు నన్ను పంపారు.

మల్లి ఎముకల గూడులా పడి ఉంది. గిన్నెలో పాతబియ్యపు అన్నం, వెల్లుల్లి కారం. నీళ్లు కూడా పొదుపుగా పోస్తున్నారు. పప్పు, చేప ఎందుకు పెట్టడం లేదని సత్యవతి తల్లిని అడిగాను.

"బాలింతకి పప్పు పెడితే వాతం సేత్తదమ్మా. కుక్కయితే ఏటి, కన్నది కన్నదే కదా! నా కూతురికెలాగో దీనికీ అలాగే సూత్తన్నాను," అందావిడ. ప్రేమతోనే చేస్తోంది.

పాలు తయారయ్యేది మాంసకృత్తులు, కొవ్వుతో. అవి తిండిలో అందకపోతే తల్లి ఒంట్లోని కండ కరుగుతుంది, ఆ తరవాత పాలు ఆగిపోతాయి. అన్నంలో ఎక్కువగా ఉండేది పిండిపదార్థం. అది శక్తినిస్తుంది గాని కరిగిన కండను తిరిగి కట్టదు. వెల్లుల్లి, కారం కుక్కకు హానే. నేను వెళ్లి చూసింది చెబితే డాక్టరుగారు అన్నం సగం చేసి, ఉడికించిన గుడ్డు, ముల్లు తీసిన పూడిమడక రేవు చేప, మెత్తటి పప్పు, కాస్త నూనె, కావలసినన్ని నీళ్లు రాశారు. ఆవిడ ఒప్పుకోలేదు.

"ఇది తిండి కాదండి, మందు," అన్నాను.

"మందా? ముందే సెప్పొచ్చు కదే! మందయితే పథ్యం తప్పినట్టు కాదు," అని అప్పుడే గుడ్డు ఉడకపెట్టించింది.

వారంలో మల్లి లేచి తిరిగింది. మిగిలిన పిల్లలు పాలు తాగుతున్నాయి. నేను వచ్చి చూసి వెళ్లబోతుంటే సత్యవతి గుమ్మం దగ్గరికి వచ్చింది. చేతుల్లోని బిడ్డ ఏడుపు సన్నగా వినిపిస్తోంది.

"నాకూ పాలు సాలడం లేదక్కా. ఆ మందు కుక్కలకేనా?" అంది.

సత్యవతికీ గుడ్డు, పప్పు పెట్టమని ఆమె తల్లికి చెప్పాను.

"కుక్కని సూడ్డానికొచ్చేవు, సూసేవు. పెళ్లికాని పిల్లవి, పురిటి సంగతి నీకేటి తెలుసే?" అందావిడ.

డాక్టరుగారితో చెబితే ఆయన పెద్దాసుపత్రి డాక్టరమ్మను పంపించారు. ఆవిడను వీధిగుమ్మంలోంచే తిప్పి పంపేశారు. కుక్కపిల్లలకు నులిపురుగుల మందు వేయడానికి నేను మళ్లీ వెళ్లేసరికి పురిటిగదిలో ఉయ్యాల విప్పేసి ఉంది. జ్వరం తగిలి బిడ్డ పోయిందన్నారు. పథ్యమే కారణమని నేను చెప్పలేను. సత్యవతి మల్లి పక్కన కూర్చుని, చేపను ముల్లు తీసి దాని గిన్నెలో వేస్తోంది.

ఆ తరవాత ఏ ఇంట్లో జంతువుకు తిండి రాయాల్సి వచ్చినా, అక్కడి మనుషులు ఏం తింటున్నారో ముందు అడిగేదాన్ని. తిండిని మందని చెబితే తప్ప ఒప్పుకోని ఇళ్లు ఉంటాయి. కుక్క విషయంలో ఆ మాట చెప్పే అధికారం నాకు ఉద్యోగం ఇచ్చింది. సత్యవతి విషయంలో ఆ అధికారం ఆ ఇంట్లో డాక్టరమ్మకు కూడా లేకపోయింది.